ఏడో లోయలో పురుడు

ఒకటో రోజు

ఈ లాగ్ కాగితం మీద పెన్సిల్‌తో రాస్తున్నాను. గుమాస్తాకి చేతిరాత చదవడం రాదు. కాబట్టి ఇక్కడ నేను లాగ్ అనొచ్చు, పెన్సిల్ అనొచ్చు, టీ తాగాను అని కూడా అనొచ్చు. సాయంత్రం కీబోర్డు మీద కొట్టే నివేదికలో అవే దినచర్యాపత్రము, సీసపు లేఖిని, తేనీరు అవుతాయి. నలభై ఆరేళ్ల వయసులో నేను చాటుగా చేసే తప్పు ఇదొక్కటే. ఇదొక్కటే అనుకుంటున్నాను.

పొద్దున్నే పొగమంచు చిమ్మే గొట్టాల మూతులు పిన్నీసుతో పొడిచి శుభ్రం చేశాను. నలభై మూతులు. పైన బండ దాటితే ఎండ నలభై ఆరు డిగ్రీలు. కింద వాగు పక్కన మాత్రం, ఈ గొట్టాలు పనిచేస్తున్నంతసేపు, పాతకాలపు అడవి. తర్వాత ఒడ్డున ఇసుక మీద ఉప్పునీళ్లు చల్లాను. పువ్వుల్లో తేనె దొరుకుతుంది గానీ ఉప్పు దొరకదు. మగ పసుపుపైటలు ఏడూ వచ్చి, టీకొట్టు బల్ల మీద పెద్దమనుషుల్లా వరసగా వాలి, కదలకుండా పీల్చుకుంటూ కూర్చున్నాయి. పసుపుపైట అంటే మా సీతాకోకచిలుక. ముందు రెక్కలు నలుపు, వెనక రెక్కలు ముద్దబంతి పసుపు, విప్పితే జానెడు. ఈ లోయలో పదకొండు ఉన్నాయి. వేరే ఎక్కడా లేవు.

ఆడవి నాలుగు. అవి ఈశ్వరి తీగల దగ్గరే తిరుగుతాయి. ఆకుని కాళ్లతో తట్టి రుచి చూసి, నచ్చితేనే అడుగున ఒక్క గుడ్డు పెట్టి పోతాయి. ఈశ్వరి ఆకు చేదు విషం. ఆ విషం తిని పెరిగినందుకే వాటిని ఏ పిట్టా ముట్టదు. మరో ఆకు పెడితే పస్తుండి చస్తాయి గానీ తినవు. నిన్నటిలాగే అరవైమూడు గొంగళిపురుగులు లెక్క తేలాయి. చిటికెనవేలి గోరంత ఉన్నాయి.

మధ్యాహ్నం పక్షి విభాగం నుంచి మేత దిగింది. రెండు గంపల జామకాయలు, ఒక బుట్ట పచ్చిమిరపకాయలు. సీతాకోకచిలుకలో చిలుక ఉంది కదా మరి. రాష్ట్రంలో ఏ వస్తువుకి ఏ చట్టం వర్తిస్తుందో దాని తెలుగు పేరుని బట్టి తేల్చే యంత్రమే గుమాస్తా. మనుషుల్లా దానికి బద్ధకం లేదు, మొహమాటం లేదు, అనుమానం లేదు. అనుమానం లేకపోవడం గొప్ప గుణమని ఒకప్పుడు నేనూ నమ్మాను.

మేతతోపాటు ఒక తాఖీదు కూడా వచ్చింది. "తమరి నిన్నటి పత్రము ప్రకారము ఏడవ లోయలో పురుగులు అరువదిమూడు. పండ్రెండవ రోజున మందు కొట్టబడును. సహకరింపుడు."

నిన్నటి పత్రంలో ఆ సంఖ్య కొట్టింది నేనే. రెండుసార్లు సరిచూసుకుని మరీ కొట్టాను.

రెండో రోజు

సోములమ్మకి చెప్పాను. కత్తుల సోములమ్మ ఈ లోయ కావలి మనిషి. నాకంటే తొమ్మిదేళ్లు పెద్దది, నాకంటే ఇరవై రెట్లు వేగంగా కొండ ఎక్కుతుంది. మేడం అనడం నిషేధమయ్యాక ఆడ అధికారులని 'ఆర్యా' అనాలని ఉత్తర్వు వచ్చింది. సోములమ్మకి అది బోడిగా అనిపించి 'ఆర్యమ్మా' చేసింది.

"మందు కొడితే సీతాకోకలు కూడా సస్తాయి గదా, ఆర్యమ్మా?"

"సీతాకోకలకి ఏమీ కాదట. అవి పక్షులు. పక్షులకి హాని చెయ్యని మందు."

"మరి ఆ పిల్లలు పోతే, వచ్చే నెల ఈ పక్షులు ఎక్కణ్ణుంచి వస్తాయంట?"

"గుమాస్తా లెక్కలో ఆ పిల్లలకీ ఈ పక్షులకీ చుట్టరికం లేదు."

ఆమె బియ్యం చేటలో పోసుకుని వరండాలో కూర్చుంది. రెండు నిమిషాలకి, "ఛీ, ఈ బియ్యం నిండా పురుగే," అంది.

వరండా స్తంభానికి గుమాస్తా వారి చెవిపెట్టె ఉంది. "పురుగు. నమోదైనది," అంది పెట్టె. మేం లేచేలోపే గేటు దగ్గరి గూట్లోంచి ఒక మందుతుమ్మెద, అంటే డ్రోనే, రయ్యిమని వచ్చి చేట మీద తెల్లటి పొగ కొట్టి, "సేవలో సంతృప్తి చెందితిరా?" అని అడిగి వెళ్లిపోయింది. వారం తిండి పోయింది. సోములమ్మ చాలాసేపు చెవిపెట్టెని తిట్టింది. ఆ తిట్లు కొన్ని నిఘంటువులో ఉన్నట్టు లేవు, పెట్టె ఊరుకుంది.

ఇక నుంచి ఆ మాట పైకి అనకూడదని అనుకున్నాం. 'వాళ్లు' అంటున్నాం.

నాలుగో రోజు

నాకు ఒక తెలివైన ఆలోచన వచ్చింది. నా తెలివైన ఆలోచనలంటే నాకే భయం, అయినా కొట్టి చూశాను. పేరులోంచి రెండో ముక్క తీసేశాను. 'గొంగళి: 63.'

పది నిమిషాల్లో జవాబొచ్చింది. "సంతోషము. తమ వద్ద గొంగళ్లు అరువదిమూడు ఉన్నట్లు చేనేత విభాగమునకు తెలియజేసితిమి. వేడినీట ఉతికి, ఎండబెట్టి, కలరా ఉండలు వేసి భద్రపరచుడు. చలికాలమున వృద్ధులకు పంచబడును."

సోములమ్మ విని, "కప్పుకుంటే దురద పుడతాది, ముసలోళ్లు నిన్ను తిడతారు," అంది.

సాయంత్రానికి కలరా ఉండలు కూడా వచ్చాయి, ఐదు కిలోలు. వాటి వాసన వాగు దాకా పోకుండా గోతిలో పాతిపెట్టి, పత్రంలో పాత పేరే తిరిగి రాశాను. "పొరపాటునకు చింతిస్తున్నాను" అని కూడా రాశాను. ఉద్యోగంలో నేను ఎక్కువసార్లు రాసిన వాక్యం అదేనేమో.

ఆరో రోజు

నామాధికారి ముక్కామల సత్యకీర్తిగారు తెర మీద దర్శనమిచ్చారు. పేర్ల మీద వివాదం వస్తే తేల్చేది ఆయనే. ఆయన ఛాతీ మీద బిళ్లలాగా ఒక చెవిపెట్టె ఉంటుంది. అది వింటున్నంతసేపు ఆయన శిలాశాసనంలా మాట్లాడతారు. దానిమీద అరచెయ్యి అడ్డం పెట్టుకుంటే మనిషిలా మాట్లాడతారు.

"తమరి విన్నపము పరిశీలించితిని. పురుగును, చిలుకయును ఒక్కటే జీవియని తమ వాదము. అంతేకదా?"

"అవునండి. ఆకు తిన్నంతకాలం ఒక రూపం, గూడు కట్టి బయటికొచ్చాక మరో రూపం."

"అట్లయిన ఉభయులను ఒకేసారి నా ఎదుట హాజరుపరచుడు. పోల్చి చూచి నిర్ణయింతును."

"ఉభయులూ ఒక్కరేనండి. ఒకటి ఉన్నప్పుడు రెండోది ఉండదు."

"రెండవది లేనిచో, రెండూ ఒకటేయని ఎట్లు రుజువగును?"

నా చిన్నప్పటి ఫొటో పక్కన నన్ను నిలబెట్టి ఇదే అడిగితే రుజువు చెయ్యలేనేమో.

అప్పుడాయన పెట్టె మీద చెయ్యి అడ్డం పెట్టారు. "ఏం చెయ్యనండీ డాక్టరుగారూ, నా చేతుల్లో ఏం లేదు. నా నోటినుంచి ఒక పేరు వచ్చిందా, ఇక అది శాశ్వతం. బ్రహ్మదేవుడు కూడా మార్చలేడు. అందుకే నేను అసలు నోరే విప్పను. ఇరవై రెండేళ్ల సర్వీసు, ఒక్క రిమార్కు లేదు. అన్నట్టు, నా నడుం నొప్పికి ఏమైనా చెప్పండి."

నేను డాక్టరునే. కీటకాల డాక్టరేట్. కానీ పరభాషా పదాలు తీసేసిన రోజున నా పేరు ముందున్న 'డాక్టర్' కాస్తా 'వైద్యురాలు' అయింది. అప్పట్నుంచి దగ్గులూ, మోకాళ్లూ నా దగ్గరికే వస్తున్నాయి. మొదట్లో కాదని చెప్పేదాన్ని. ఇప్పుడు, "ఇసుక మూట వేడి చేసి కాపడం పెట్టుకోండి," అంటున్నాను. అన్నిటికీ అదే. చాలామందికి తగ్గుతోంది కూడా, అదే నా భయం.

ఎనిమిదో రోజు

సోములమ్మ అడిగింది, అడగాల్సిన మాట. "అసలు ఆళ్లకి ఆ పేరు పెట్టిన తెలివైనోడెవుడు?"

వాగులో కాళ్లు పెట్టుకుని కూర్చున్నాం. ఇక్కడ చెవిపెట్టె లేదు. చెప్పేశాను.

"నేనే."

పదిహేనేళ్ల కింద పదాల సంఘంలో జీవశాస్త్రం జాబితా నాకిచ్చారు. నాకప్పుడు ముప్పై ఒకటి. నాలుగు వందల మాటలు, మూడు వారాల గడువు. 'లార్వా' అన్న మాట కొట్టేసి పక్కన 'పురుగు' అని రాశాను. ఎవరో అడిగారు, మరీ మోటుగా లేదా అని. జనం మాట, జీవమున్న మాట అని ఒక చిన్న ఉపన్యాసం ఇచ్చాను. చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు ఇప్పటికీ వినబడుతుంటాయి, అంత ఎక్కువేం కాదు, ఆరుగురే కొట్టారు.

ఆ జాబితా మిగతా విభాగాలకి పోతుందని నాకు తెలీదు. వ్యవసాయం వాళ్ల దగ్గర అదే మాటకి ఎదురుగా ఒకే అర్థం ఉంది: మందు కొట్టవలసినది. ముందు ఆరుద్రపురుగులు పోయాయి. తొలకరికి ఎర్రమఖమల్ ముక్కల్లా చేల గట్ల మీద పాకేవి. తర్వాత మిణుగురుపురుగులు. చీకట్లో అడవికి వెలుగే లేకుండా పోయినా ఎవరూ ఫిర్యాదు చెయ్యలేదు, దోమలు తగ్గాయి కదా అన్నారు. పట్టుపురుగుకి మాత్రం ప్రత్యేక మినహాయింపు దొరికింది. సంఘం ముగింపు సభకి అందరం పట్టుచీరలే కట్టుకుని వెళ్లాం.

సోములమ్మ వాగులోంచి కాళ్లు తీసి నా వైపు తిరిగింది.

"నువ్వెప్పుడైనా ఒకదాన్ని చేతిలో పెట్టుకుని పేరెట్టావా, ఆర్యమ్మా? కాయితం మీదే పెట్టేశావా?"

"కాగితం మీదే."

"అదీ," అంది. తిట్టి ఉంటే బాగుండేది.

పదకొండో రోజు

ఇవాళ జరిగింది జరిగినట్టు రాయాలని ప్రయత్నిస్తాను. ఎలా జరిగిందో నాకే పూర్తిగా తెలీదు.

సాయంత్రం పత్రం కొడుతున్నాను. రేపు మందు. వాళ్లు ఇంకా అంగుళం దాటలేదు. గూడు కడితే గుమాస్తా ముట్టదు, పక్షిగూళ్లకి రక్షణ ఉంది. కానీ గూడు కట్టాలంటే ఇంకో ఇరవై రోజులు తినాలి. ఇదంతా ఆలోచిస్తూ కొట్టాను: 'గొంగళి పురుడు: 63.'

గ బదులు డ పడింది. వేలు జారింది అని రాద్దామనుకున్నాను. కానీ కీబోర్డు చూస్తే గకి డకి మధ్య ఇంకో రెండు అక్షరాలున్నాయి. జారితే అంత దూరం జారాలి. కావాలని కొట్టానా అంటే, కావాలని ఏదైనా చేసే మనిషిని కాను నేను. ఏదైనా గానీ, చెరిపే మీట మీద వేలు పెట్టి, ఆ వేలు తీసేశాను. అది మాత్రం కావాలనే.

వరండాలో చెవిపెట్టె వెలిగింది. "శుభమ్. ఏడవ లోయలో పురుళ్లు అరువదిమూడు. ధ్రువీకరించు వైద్యులెవరు?"

పెట్టె దగ్గరికి వెళ్లి చెప్పాను. "దాసరి అపరంజి. వైద్యురాలు."

"సరియే. బాలింత పేరు?"

దీని గురించి ఆలోచించలేదు. గోడకి చేరబడి చింతపండు పిక్కలు తీస్తున్న సోములమ్మ తల ఎత్తకుండానే, "కత్తుల సోములమ్మ," అంది.

"వయస్సు?"

"యాభై ఐదు."

"సంతానము అరువదిమూడు. ఒక్క కాన్పున?"

"మా ఇంట్లో అందరికీ అంతే," అంది సోములమ్మ.

గుమాస్తాకి అనుమానం లేదని ముందే రాశాను కదా. "శుభమ్," అంది మళ్లీ. "పురిటింట ఇరువదియొక్క దినములు అన్యులకు ప్రవేశము లేదు. ద్వారమున వేపమండలు కట్టుడు. ఇరువదియొకటవ నాడు నామాధికారి స్వయముగా విచ్చేసి బారసాల జరిపి పేరు నమోదు చేయుదురు. తల్లీబిడ్డలు క్షేమమా?"

"క్షేమమే," అన్నాను.

సోములమ్మ పిక్కలు పక్కన పెట్టి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, గోడకి తల ఆనించి, శబ్దం రాకుండా కన్నీళ్లొచ్చేదాకా నవ్వింది.

పన్నెండో రోజు

పొద్దున్న ఏడింటికి మందుతుమ్మెదలు తొమ్మిది వచ్చాయి. లోయ గేటుకి రాత్రే సోములమ్మ వేపమండలు కట్టి ఉంచింది. మండల ముందు గాల్లో నిలబడి, ఒకదాన్నొకటి చూసుకుని, "మైల," అని వెనక్కి తిరిగి వెళ్లిపోయాయి.

పదిహేడు పరిశోధనపత్రాలు అచ్చువేశాను జీవితంలో. ఏదీ ఇంత పని చెయ్యలేదు.

పంతొమ్మిదో రోజు

మాతాశిశు విభాగం నుంచి సామాను దిగుతూనే ఉంది. వెల్లుల్లి కారం నాలుగు సీసాలు, కాయం ఉండలు, నువ్వులనూనె, అరవైమూడు ఊలు టోపీలు, సాంబ్రాణి. సాంబ్రాణి పొగ వాళ్లకి ప్రమాదం, పక్కన పడేశాను. వెల్లుల్లి కారం మాత్రం అద్భుతం. సోములమ్మ రోజూ నెయ్యి వేసుకుని కలుపుకుంటోంది. "ఆరుగుర్ని కన్నాను, అప్పుడెవడూ ఇంత చూడలేదు," అంది. ఒళ్లు కొంచెం చేసింది కూడా. బాలింతలాగే ఉంది.

వాళ్లు నాలుగోసారి చర్మం వదిలారు. వదిలిన చర్మాన్ని వాళ్లే తినేశారు. ఇప్పుడు వేలంత లావు, ముదురు ఊదా, ఒళ్లంతా ఎర్రటి కండ ముళ్లు, నడుం మీద తెల్లటి పట్టీ. ఒకణ్ణి తలవెంట్రుకతో నిమిరాను. మెడ వెనక నుంచి నారింజరంగు కొమ్ములు రెండు తడితడిగా బయటికి పెట్టి బెదిరించాడు. పాడైన అనాస కంపు. సబ్బుతో నాలుగుసార్లు కడుక్కున్నా పోలేదు.

తీగలు సరిపోతాయా అని రోజూ లెక్క వేస్తున్నాను. ఒక్కొక్కరు పూర్తయ్యేసరికి దాదాపు ఒక తీగ ఆకంతా తింటారు. మూడు తీగలు అప్పుడే బోడి కర్రలయ్యాయి. సోములమ్మ, నేను ఎగువ బండ మీంచి ఈశ్వరి కొమ్మలు కోసి తెచ్చి కడుతున్నాం. ఈ పని పత్రంలో 'శిశుపోషణ' అని కొడుతున్నాను. ఇప్పటిదాకా రాసిన అబద్ధాల్లో ఇదే నిజానికి దగ్గర.

ఇరవై ఏడో రోజు

మొదటివాడు తినడం మానేశాడు. ఒక రోజంతా అటూ ఇటూ తిరిగి, కర్ర మీద పట్టుదారంతో చిన్న గద్దె అల్లి, వెనక కాళ్లు దానికి తగిలించి, తర్వాత నడుం చుట్టూ ఒక దారం వేసుకుని వెనక్కి వాలాడు. మర్నాటికి చర్మం చీలి లోపలి నుంచి ఎండుటాకు లాంటిది బయటపడింది.

"ఉయ్యాలేసుకున్నాడు," అంది సోములమ్మ.

నేను దీన్ని యూనివర్సిటీలో ఆరేళ్లు పాఠంగా చెప్పాను. కోశస్థ దశ, పట్టు నడికట్టు, ఇలాంటి మాటలతో. ఉయ్యాల అని ఒక్కసారీ అనలేదు.

ముప్పై రెండో రోజు

లెక్క: ఉయ్యాలల్లో యాభై ఒక్కరు. ముగ్గుర్ని చీమలు ఎత్తుకుపోయాయి. ఇద్దరు నల్లబడి పోయారు, ఎందుకో తెలీదు. ఇంకా ఏడుగురు ఆకు నములుతూనే ఉన్నారు. వాళ్లకి ఇంకో నాలుగు రోజులు కావాలి. ఇవాళ్టితో పురుడు అయిపోయింది.

పది గంటలకి సత్యకీర్తిగారు వచ్చారు. పట్టుపంచె, ఒక పళ్లెంలో బియ్యం, ఛాతీ మీద బిళ్ల. వెనక గాల్లో రెండు మందుతుమ్మెదలు, మర్యాద కోసం. వేపమండలు తీసేశారు.

"తల్లీబిడ్డలెక్కడ?"

సోములమ్మ తల మీద కొంగు కప్పుకుని ముందుకొచ్చింది. "రండి బాబూ. నెమ్మదిగా. నిద్దరోతున్నారు."

ఈశ్వరి పందిరి కిందికి తీసుకెళ్లి చూపించింది. ఆయన ఒక గూడు చూశారు. రెండోది చూశారు. నన్ను చూశారు. అరచెయ్యి నెమ్మదిగా బిళ్ల మీదికి వెళ్లింది.

"డాక్టరుగారూ. ఏమిటిది? పిల్లలేరి?"

"వీళ్లేనండి."

"పత్రంలో పురుడు అనుందే!"

"అచ్చుతప్పు," అనొచ్చు. అనలేదు. "ఆ అక్షరం నేనే కొట్టాను. పదిహేనేళ్ల కింద గకారం రాసిందీ నేనే. అప్పుడు చప్పట్లు కొట్టారు. ఇప్పుడు మీరేం చేస్తారో చెయ్యండి."

"నేనిప్పుడు సరిదిద్దానంటే మీ ఉద్యోగం పోతుంది, ఆ యాభై మీద కాకపోయినా ఇదిగో ఈ ఏడింటి మీద ఇప్పుడే మందు పడుతుంది. దిద్దలేదంటే రేపు ఆడిట్‌లో నా ఉద్యోగం పోతుంది. ఇరవై రెండేళ్లమ్మా! ఒక్క రిమార్కు లేదు!" అంటూనే వంగి, ఆకు ఎత్తి, ఆ ఏడుగురిలో ఒకణ్ణి దగ్గరగా చూశారు. నడుం పట్టేసినట్టుంది. అబ్బా అని తీగ పట్టుకున్నారు. తీగ ఊగింది.

వాడు ఆయన మెడ మీద పడ్డాడు. పడ్డవాడు ఊరుకోకుండా కొమ్ములు బయటికి పెట్టాడు.

ఇరవై రెండేళ్లుగా నోరు విప్పని మనిషి రెండు చేతులూ గాల్లోకి లేపి, లోయ దద్దరిల్లేలా అరిచారు. "పురుగు! పురుగు! పురుగు!"

చెయ్యి లేచింది కదా, బిళ్ల విన్నది. "పురుగు. నమోదగుచున్నది. స్థానము: నామాధికారి వారి మెడ."

తుమ్మెదలు రెండూ వచ్చి ఆయన మొహానికి అటు మూరెడు, ఇటు మూరెడు దూరంలో నిలబడ్డాయి. మూతులు తెరుచుకున్నాయి. సోములమ్మ నా మణికట్టు పట్టుకుంది. నేను ఒక అడుగు ముందుకేశాను. ఆయన కోసమో, వాడి కోసమో అప్పుడు అడిగితే చెప్పలేకపోయేదాన్ని. ఇప్పుడు చెప్పగలను గానీ రాయను.

"కాదు!" అని అరిచారాయన. "కాదు కాదు! పురుడు! పురుడన్నాను!"

"స్పష్టపరచుడు. గకారమా, డకారమా?"

"డ! డకారం! డప్పు డ! డబ్బా డ! ఓరి నీ... డమరుకం డ!"

తుమ్మెదలు కాసేపు ఆలోచించాయి. అంటే, ఆలోచించినట్టు రొద చేశాయి.

"నామాధికారి వాక్కు ప్రమాణము. 'గొంగళి పురుడు.' మాతాశిశు విభాగము. నమోదు శాశ్వతము." మూతులు మూసుకున్నాయి. "బారసాల శుభాకాంక్షలు."

సోములమ్మ వెళ్లి, ఆయన మెడ మీంచి వాణ్ణి రెండు వేళ్లతో మెల్లగా తీసి తీగ మీద పెట్టింది. "బయపడ్డాడు పాపం," అంది. ఎవరి గురించో తెలీలేదు.

ఆయన బండ మీద కూలబడ్డారు. ఒళ్లంతా అనాస కంపు. బిళ్ల మీద చెయ్యి పెట్టుకుని, "నడుం నొప్పి పోయిందండీ," అన్నారు ఆశ్చర్యంగా.

"ఇసుక కాపడం మానకండి," అన్నాను.

యాభై రెండో రోజు

తెల్లారేసరికి ముగ్గురు బయటికొచ్చారు. ఖాళీ ఉయ్యాల పట్టుకుని వేలాడుతూ, నలిగిన తడిగుడ్డల్లాంటి రెక్కల్లోకి నెమ్మదిగా రక్తం ఎక్కించుకుంటున్నారు. పది గంటలకి జానెడు పసుపు విచ్చుకుంది. మొదటిది ఆడది. అడ్డంగా ఎగిరి సోములమ్మ తలకి కొట్టుకుని వాగు వైపు వెళ్లింది.

పత్రంలో కొట్టాను. "చిలుకలు: 3." ఆ చిలుకలకీ ఆ పురుళ్లకీ సంబంధమేమిటని గుమాస్తా అడగలేదు. ఎప్పటికీ అడగదు.

ఊరికే ఉండలేక ఇంకో మాట కూడా కొట్టి చూశాను. 'మిణుగురు పురుడు.' గుమాస్తా చాలా సంతోషించింది. "శుభమ్. ఎన్ని?" అంది. ఆ గడిలో కర్సరు వెలుగుతూ ఆరుతూ ఉంది. ఏ అంకె కొట్టాలి? ఒక అక్షరం దూరంలో ఉన్నవాళ్లు బతికారు. ఆ అక్షరం నాకు పదిహేనేళ్లు ఆలస్యంగా తట్టింది. గడి ఖాళీగా వదిలేసి తెర కట్టేశాను.

పక్షి విభాగం మేత మళ్లీ దిగింది. చిలుకలు పెరిగాయి కదా, ఈసారి మూడు గంపల జామకాయలు. సోములమ్మ వరండాలో కత్తిపీట వేసుకుని కూర్చుంది. పచ్చిమిరపకాయలు ఉప్పుతో నూరింది. ఒక దోరకాయ కోసి సగం నాకిచ్చింది. నా ముక్కలో, గింజల మధ్య, తెల్లగా ఏదో మెదిలింది.

ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. స్తంభం మీద చెవిపెట్టె వింటోంది. జామకాయల్లో ఉండేవాడి గురించి నేనెప్పుడూ ఆలోచించలేదు. వాడికి రెక్కలు ఏ రంగులో వస్తాయో కూడా చదువుకున్నాను గానీ గుర్తు రాలేదు.

సోములమ్మ కత్తిపీట మీంచి లేవకుండానే పెట్టె వైపు తిరిగి, గట్టిగా, అక్షరం అక్షరం విడదీసి అంది.

"పు. రు. డు."

"శుభమ్," అంది పెట్టె. "ఎన్ని?"

ఆమె నా చేతిలో ముక్కలోకి తొంగి చూసింది.

"ఒకటి," అన్నాను నేను.